బ్రెట్ హార్ట్‌ని నిజంగానే మోసం చేశారా? 1997 మాంట్రియల్ మ్యాచ్ గురించి వివరంగా

మీ ప్రశ్న రెండు ముక్కల్లో ఉంది. 1997లో మాంట్రియల్‌లో జరిగిన సర్వైవర్ సిరీస్ షోలో కెనడా రెజ్లర్ బ్రెట్ హార్ట్‌కి జరిగింది నిజం మోసమా, లేక అది కూడా ముందే రాసుకున్న కథా? రెజ్లింగ్ అంతా స్క్రిప్టే అయినప్పుడు ఒక మ్యాచ్ ఓడిపోయినందుకు ఇన్నేళ్లు గొడవ ఎందుకు?

మొదటిదానికి సూటిగా చెప్తాను. నిజం మోసమే. బ్రెట్‌తో అనుకున్న ముగింపు ఒకటి, రింగులో జరిగింది ఇంకొకటి. ఆ సంగతి డబ్ల్యూడబ్ల్యూఎఫ్ కంపెనీ యజమాని విన్స్ మెక్‌మాన్‌కి తెలుసు, ఎదురుగా ఉన్న షాన్ మైకేల్స్‌కి తెలుసు, రిఫరీ ఎర్ల్ హెబ్నర్‌కి తెలుసు. తెలియనిది బ్రెట్‌కే.

రెండో ప్రశ్న చాలామంది అడుగుతారు, కానీ సరిగ్గా అక్కడే అసలు సంగతి ఉంది. రెజ్లింగ్‌లో ఎవరు గెలవాలో ముందే ఖరారవుతుంది. అది పెద్ద రహస్యం కూడా కాదు. క్రీడల మీద ఉండే నియంత్రణలు, పన్నులు తప్పించుకోవడానికి 1989లో న్యూజెర్సీ రాష్ట్ర సెనేట్ ముందు కంపెనీయే ఇది వినోదం అని ఒప్పుకుంది. అయితే ఫలితం ముందే తెలిసినంత మాత్రాన దెబ్బలు ఉత్తుత్తివి అయిపోవు. పైల్‌డ్రైవర్ అనే దెబ్బ చూడండి. ఒకడు ఇంకొకణ్ణి తలకిందులుగా ఎత్తి పట్టుకుని కింద పడతాడు. కింద ఉన్నవాడి తల మ్యాట్‌కి తగలకుండా ఆగాలి, ఆపాల్సిన బాధ్యత ఎత్తినవాడిది. 1997 ఆగస్టు 3న సమ్మర్‌స్లామ్‌లో ఓవెన్ హార్ట్ వేసిన అలాంటి దెబ్బకి స్టీవ్ ఆస్టిన్ మెడకు గాయమై కాసేపు ఒళ్లు కదపలేకపోయాడు. అది ప్రమాదం, ఎవరూ కావాలని చేసింది కాదు. ఇద్దరూ నమ్మకంగా పనిచేస్తున్నప్పుడే ఇలా అవుతుంటే, ఒకడు మనసులో ఇంకోటి పెట్టుకుని దిగితే ఏమవ్వాలి? ఫలితం ముందే మాట్లాడుకున్నారు కాబట్టే రెజ్లర్ తన ఒళ్లు ఎదుటివాడి చేతికి ఇస్తాడు. మాంట్రియల్‌లో విరిగింది ఆ ఒప్పందం. ఛాంపియన్ బెల్ట్ పోవడం దాని తర్వాతి సంగతి.

ఇప్పుడు కథలోకి వస్తాను. కొంత వెనక్కి వెళ్లకపోతే ఎవరి భయం ఏమిటో అర్థం కాదు.

1995 సెప్టెంబర్ 4న టెడ్ టర్నర్ రెజ్లింగ్ కంపెనీ డబ్ల్యూసీడబ్ల్యూ సోమవారం రాత్రి నైట్రో అనే కార్యక్రమం మొదలుపెట్టింది, విన్స్ నడిపే రా కార్యక్రమానికి పోటీగా. 1996 జూన్ నుంచి వరసగా 83 వారాలు రేటింగుల్లో నైట్రోదే పైచేయి. డబ్ల్యూడబ్ల్యూఎఫ్ (అప్పటికి డబ్ల్యూడబ్ల్యూఈ అని పేరు మారలేదు) నుంచి పెద్ద తారలు ఒక్కొక్కరే అటు పోయారు. వాళ్లలో అలండ్రా బ్లేజ్ అనే ఆవిడ 1995 డిసెంబర్‌లో డబ్ల్యూడబ్ల్యూఎఫ్ మహిళల బెల్ట్ పట్టుకెళ్లి నైట్రోలో, లైవ్‌లో, చెత్తబుట్టలో పడేసింది. ఈ దృశ్యం గుర్తుపెట్టుకోండి. విన్స్ ఏ భయంతో ఆ పని చేశాడో తెలియాలంటే ఇది కావాలి.

బ్రెట్ హార్ట్‌ది కెనడాలోని కాల్గరీ. తండ్రి స్టూ హార్ట్ రెజ్లరే, సొంతంగా స్టాంపీడ్ రెజ్లింగ్ కంపెనీ నడిపాడు. ఇంటి కింద గదిలోనే శిక్షణ, ఆ గదికి డంజన్ అని పేరు. పన్నెండుమంది పిల్లలున్న ఇల్లు, మగపిల్లలంతా ఏదో రకంగా ఇదే వృత్తి. 1996లో డబ్ల్యూసీడబ్ల్యూ బ్రెట్‌కి ఏడాదికి దాదాపు 30 లక్షల డాలర్లు ఇస్తామంది. విన్స్ అంత ఇవ్వలేక ఇరవై ఏళ్ల కాంట్రాక్ట్ ఇచ్చాడు. బ్రెట్ తక్కువ డబ్బుకే ఉండిపోయాడు. ఏడాది తిరగకుండానే విన్స్ పిలిచి, కంపెనీ పరిస్థితి బాగాలేదు, ఆ డబ్బు ఇవ్వలేను, అటువాళ్లతో మాట్లాడుకో అన్నాడు. అంటే బ్రెట్ తనంతట తాను వదిలిపోలేదు, పొమ్మంటే పోయాడు. ఈ ముక్క వదిలేసి కథ చెప్పేవాళ్లు చాలామంది, అందుకే నొక్కి చెప్తున్నాను.

చిక్కు ఎక్కడంటే, వెళ్లేటప్పుడు బెల్ట్ అతని దగ్గరే ఉంది. సమ్మర్‌స్లామ్‌లో, ఆస్టిన్ మెడ దెబ్బతిన్న అదే రాత్రి, అండర్‌టేకర్‌ని ఓడించి ఐదోసారి ఛాంపియన్ అయ్యాడు. ఆ ఏడాది అతని పాత్ర కూడా విచిత్రమైనది. అమెరికాలో విలన్, సరిహద్దు దాటి కెనడాలో అడుగుపెడితే దేశానికే హీరో. జనం జెండాలు పట్టుకుని వచ్చేవాళ్లు. అలాంటి మనిషిని మాంట్రియల్‌లో, కెనడా జనం ముందు, షాన్ మైకేల్స్ చేతిలో ఓడిపొమ్మన్నారు.

షాన్‌తో గొడవ నటన కాదు. 1996 రెసిల్‌మేనియాలో గంట దాటి సాగిన మ్యాచ్‌లో బ్రెట్ అతనికి ఓడి బెల్ట్ ఇచ్చాడు. తర్వాత సంబంధాలు చెడ్డాయి. 1997 మే నెలలో షాన్ టీవీలో బ్రెట్ కుటుంబ జీవితం మీద ఒక చెడ్డ మాట విసిరాడు. జూన్‌లో డ్రెస్సింగ్ రూమ్‌లో ఇద్దరూ నిజంగానే కొట్టుకున్నారు. బ్రెట్ చెప్పినదాని ప్రకారం, అక్టోబర్‌లో రాజీకి వెళ్లి, కంపెనీ అడిగితే నీకు ఓడిపోవడానికి నాకు అభ్యంతరం లేదు అన్నాడట. నేనైతే నీకు ఓడను అని షాన్ జవాబు. రెజ్లర్ల మధ్య ఇంతకంటే పెద్ద అవమానం లేదు.

మరి ఇందులో బ్రెట్ తప్పు లేదా? అతని పట్టుదల కొంత అతిగానే ఉందని నాకూ అనిపిస్తుంది. బెల్ట్ అనేది కంపెనీ వస్తువు, వెళ్లేవాడు ఓడి వెళ్లడం ఈ వృత్తిలో పాత ఆనవాయితీ. కానీ అతను ఓడనే ఓడనని అనలేదు. ఆ ఊళ్లో, ఆ మనిషికి వద్దన్నాడు. ఇంకెవరికైనా సరే, ఇంకో చోట సరే, లేదంటే మర్నాడు రాలో బెల్ట్ అప్పజెప్పి వెళ్తానన్నాడు. పైగా చివరి ముప్ఫై రోజుల్లో తన పాత్రకి ఏం జరగాలో మాట చెప్పే హక్కు కాంట్రాక్ట్‌లోనే ఉంది. సంతకం పెట్టింది విన్సే. విన్స్ భయం కూడా ఉత్తది కాదు. చెత్తబుట్ట దృశ్యం పురుషుల బెల్ట్‌తో మళ్లీ జరిగితే కంపెనీ లేచేది కాదు. అయినా భయం ఉంటే మొహం మీద చెప్పొచ్చు. అంత నమ్మకం లేనివాణ్ణి రింగులోకే పంపకుండా ఉండొచ్చు. విన్స్ ఆ రెండూ చేయలేదు. ఆ మధ్యాహ్నమే బ్రెట్‌తో కూర్చుని, మ్యాచ్ గందరగోళంగా డిస్‌క్వాలిఫికేషన్‌తో ముగుస్తుందని, అంటే బెల్ట్ చేతులు మారదని ఒప్పుకున్నాడు.

1997 నవంబర్ 9, మోల్సన్ సెంటర్. ఇరవై వేలకు పైగా జనం. గంట మోగకముందే ఇద్దరూ కొట్టుకోవడం మొదలుపెట్టి జనం మధ్యలోకి పోయారు. షాన్ కెనడా జెండాని అవమానించాడు, హాలంతా అరుపులు. ఇవన్నీ మామూలే. మామూలు కానిది రింగు పక్కన ఉంది. యజమాని విన్స్ మెక్‌మాన్ స్వయంగా వచ్చి నిలబడ్డాడు. అప్పటికి చాలామంది ప్రేక్షకులకి అతను కామెంటరీ చెప్పే మనిషే.

ముందురోజుల్లో వేడర్ అనే అనుభవమున్న రెజ్లర్ బ్రెట్‌ని హెచ్చరించాడట. వెల్లకిలా పడి ఉండొద్దు, ఎవరి పట్టులోనూ ఎక్కువసేపు ఉండొద్దు, లెక్కపెట్టగానే భుజం ఎత్తెయ్యి అని (రిఫరీ మూడు లెక్కపెట్టేదాకా భుజాలు మ్యాట్‌కి ఆని ఉంటే ఓడినట్టే). బ్రెట్ దానికి వేసుకున్న రక్షణ ఒకటే: రిఫరీగా తన స్నేహితుడు ఎర్ల్ హెబ్నర్‌ని అడిగి పెట్టించుకున్నాడు. హెబ్నర్ తన పిల్లల మీద ఒట్టేసి, అలాంటి పని చేయనన్నాడు. తర్వాత హెబ్నర్‌కి పైనుంచి మాట వచ్చింది.

ఇప్పుడు ఆ కొన్ని సెకన్లు. అనుకున్నది ఏమిటంటే, రిఫరీకి దెబ్బ తగిలి పడిపోయినట్టు ఉన్న సమయంలో షాన్ షార్ప్‌షూటర్ వేస్తాడు. ఇది బ్రెట్ సొంత పట్టు. ఎదుటివాణ్ణి బోర్లా తిప్పి, కాళ్లు మెలేసి, నడుం వెనక్కి విరిచేది. బ్రెట్ ఆ పట్టుని తిప్పికొడతాడు, ఇద్దరి మనుషులూ లోపలికి దూకుతారు, మ్యాచ్ గందరగోళంలో ముగుస్తుంది. షాన్ పట్టు వేయాలంటే బ్రెట్ తన కాళ్లు అతనికి ఇవ్వాలి. ఇచ్చాడు. వేడర్ ఏ స్థితిలో ఉండొద్దన్నాడో సరిగ్గా ఆ స్థితికి, తన పట్టులోకే, తనంతట తాను వెళ్లాడు. హెబ్నర్ లేచాడు. బ్రెట్ చెయ్యి వెనక్కి చాపి షాన్ కాలి కోసం వెతుకుతున్నాడు. హెబ్నర్ టైమ్‌కీపర్‌కి గంట కొట్టమని సైగ చేశాడు. కింద విన్స్ గంట కొట్టు, గంట కొట్టు అని అరిచాడు. గంట మోగింది, షాన్ పాట మోగింది. బ్రెట్ పట్టు ఒప్పుకుని చేయి కొట్టలేదు, నోటితోనూ ఓడానని చెప్పలేదు. హెబ్నర్ రింగు దిగి పరుగున హాలు బయట సిద్ధంగా ఉన్న కారెక్కాడు.

బ్రెట్ లేచి తాళ్ల మీంచి వంగి విన్స్ మొహం మీద ఉమ్మాడు. షాన్ తనకీ ఏమీ తెలియనట్టు కోపం నటిస్తూ బెల్ట్ తీసుకుని వెళ్లాడు. ప్రసారం అక్కడితో ఆపేశారు. తర్వాత బ్రెట్ వేలితో గాల్లో డబ్ల్యూ, సీ, డబ్ల్యూ అని రాయడం, రింగు పక్కన మానిటర్లు పగలగొట్టడం హాల్లో ఉన్నవాళ్లు అప్పుడే చూశారు, మిగతా ప్రపంచం తర్వాత చూసింది. లోపల అండర్‌టేకర్ వెళ్లి విన్స్ తలుపు బాది, బ్రెట్‌కి సంజాయిషీ చెప్పి తీరాలన్నాడు. విన్స్ వెళ్లాడు. బ్రెట్ ఒకే ఒక్క గుద్దు గుద్దాడు. కన్ను కమిలింది. మర్నాటి రాకి సాటి రెజ్లర్ మిక్ ఫోలీ నిరసనగా రాలేదు.

ఇక మీలాంటి సందేహం ఉన్నవాళ్లు చెప్పే వాదన: ఇదంతా బ్రెట్, విన్స్ కలిసి ఆడిన నాటకం, ఎందుకంటే ఇద్దరికీ పేరొచ్చింది. ఆ వాదన నిలవదు. ఆ సమయంలో పాల్ జే అనే దర్శకుడు బ్రెట్ మీద డాక్యుమెంటరీ తీస్తున్నాడు, అది 1998లో రెజ్లింగ్ విత్ షాడోస్ పేరుతో వచ్చింది. ఆ మధ్యాహ్నం విన్స్‌తో మాట్లాడేటప్పుడు బ్రెట్ ఒంటి మీద మైకు ఉంది. విన్స్ డిస్‌క్వాలిఫికేషన్‌కి ఒప్పుకున్న మాట అందులో వినిపిస్తుంది. మోసం చేసేవాడు తన అబద్ధం రికార్డు కావాలని కోరుకోడు. షాన్ ఏళ్ల తరబడి తెలియదన్నాడు, చివరికి ముందే తెలుసని ఒప్పుకున్నాడు. హెబ్నర్ కూడా ఒప్పుకున్నాడు. అన్నిటికంటే ముఖ్యంగా, దీంతో బ్రెట్‌కి వచ్చింది ఏమీ లేదు, పోయింది మాత్రం చాలా.

ఇలా చేయడం ఇదే మొదటిసారి కూడా కాదు. 1985 నవంబర్‌లో మాడిసన్ స్క్వేర్ గార్డెన్‌లో మహిళల ఛాంపియన్ వెండి రిక్టర్‌కి అచ్చం ఇలాగే చేశారు. డబ్బు దగ్గర పేచీ ఉండటంతో, ముసుగు వేసుకున్న ప్రత్యర్థిగా సీనియర్ రెజ్లర్ ఫ్యాబ్యులస్ మూలాని పంపి, రిక్టర్ భుజం లేపినా లెక్క పూర్తి చేశారు. ఇంకా వెనక్కి వెళ్తే, 1925లో ఫిలడెల్ఫియాలో స్టానిస్లాస్ జిబిస్కో ఓడాల్సిన మ్యాచ్‌లో వేన్ మన్‌ని నిజంగానే చిత్తుచేసి టైటిల్ లాక్కున్నాడు. ఈ జిబిస్కో మనకి కొత్తవాడు కాదు. 1910లో లండన్‌లో గామా పహిల్వాన్ కింద గంటలకొద్దీ బోర్లా పడి డ్రా చేసుకుని, 1928లో పటియాలాలో అదే గామా చేతిలో నిమిషంలోపే ఓడింది ఆయనే.

అయితే వాటికి లేని ప్రభావం మాంట్రియల్‌కి ఎందుకు వచ్చింది? కొంత ఇంటర్నెట్ వల్ల. 1997 నాటికి అభిమానులు తెరవెనక సంగతులు నెట్‌లో మాట్లాడుకుంటున్నారు, దాచడానికి వీల్లేకపోయింది. అప్పుడు విన్స్ దాచకుండా అమ్మడం మొదలుపెట్టాడు. వారం తిరిగేసరికి కమిలిన కన్నుతో టీవీలో జిమ్ రాస్‌కి ఇంటర్వ్యూ ఇచ్చి, బ్రెట్‌ని ముంచింది నేను కాదు, బ్రెట్టే అన్నాడు. జనం అసహ్యించుకున్నారు. ఆ అసహ్యంలో ఎంత డబ్బుందో విన్స్‌కి అర్థమైంది. కామెంటేటర్ కాస్తా మిస్టర్ మెక్‌మాన్ అనే దుర్మార్గపు యజమాని పాత్ర అయ్యాడు. ఆ యజమానికి ఎదురు తిరిగే ఉద్యోగిగా స్టీవ్ ఆస్టిన్. ఆఫీసులో బాస్ చేత మాటలు పడే ప్రతి మనిషికీ ఆ కథ అర్థమవుతుంది. 1998 ఏప్రిల్ 13న, ఆస్టిన్ విన్స్‌తో తలపడతాడని ఊరించిన రోజున, రా 83 వారాల తర్వాత నైట్రోని దాటింది. 1999 అక్టోబర్‌లో కంపెనీ షేర్లు స్టాక్ మార్కెట్‌కి వచ్చాయి. 2001 మార్చిలో డబ్ల్యూసీడబ్ల్యూనే కొనేసింది. బ్రెట్ జీతం ఇవ్వలేనని చెప్పిన కంపెనీ ఇది, నాలుగేళ్లు తిరగకముందే. మాంట్రియల్ ఒక్కటే కారణం అనను. ఆస్టిన్ సత్తా, బాక్సర్ మైక్ టైసన్‌ని తెచ్చిన 1998 రెసిల్‌మేనియా, డబ్ల్యూసీడబ్ల్యూ సొంత తప్పులు అన్నీ ఉన్నాయి. కానీ మిస్టర్ మెక్‌మాన్ పాత్ర ఆ రాత్రి లేకుండా పుట్టేది కాదు.

డబ్ల్యూసీడబ్ల్యూకి మాత్రం చేతికి దొరికిన బంగారాన్ని వాడుకోవడం రాలేదు. అప్పుడు ప్రపంచంలో బ్రెట్‌ కంటే ఎక్కువ సానుభూతి ఉన్న రెజ్లర్ లేడు. 1997 డిసెంబర్ స్టార్‌కేడ్‌లో అతన్ని తెచ్చి, స్టింగ్, హోగన్ మ్యాచ్‌లో గంట మోగకుండా ఆపించి, మళ్లీ మోసం జరగనివ్వను అనిపించారు. కథ ప్రకారం స్టింగ్‌ని మోసం చేయడానికి రిఫరీ వేగంగా లెక్కపెట్టాల్సింది, మామూలుగానే లెక్కపెట్టాడు. మోసమే కనబడలేదు, కథ కుప్పకూలింది.

తర్వాతి రోజులు చదివితే గుండె బరువెక్కుతుంది. బావలు బుల్‌డాగ్, నైడ్‌హార్ట్ బ్రెట్ వెంట వెళ్లారు. తమ్ముడు ఓవెన్‌కి కాంట్రాక్ట్ నుంచి విడుదల దొరకలేదు. 1999 మే 23న కాన్సాస్ సిటీలో హాలు పైకప్పు నుంచి దింపే విన్యాసంలో పడి చనిపోయాడు. వయసు 34. మాంట్రియల్‌కీ దీనికీ నేరుగా ముడిపెట్టడం న్యాయం కాదు, కానీ అప్పటికి అన్న పక్కన లేని కంపెనీలో తమ్ముడు ఉండిపోయాడు. అదే ఏడాది డిసెంబర్‌లో గోల్డ్‌బర్గ్ కాలి దెబ్బకి బ్రెట్ తలకి గాయమై కెరీర్ ముగిసింది. 2002లో పక్షవాతం వచ్చింది. ఒళ్లు ఎదుటివాడి చేతికి ఇవ్వడం గురించి పైన చెప్పాను కదా, ఆ గాయం కూడా అదే కోవలోది, ఉద్దేశం లేకుండా జరిగినా.

కంపెనీ మాత్రం ఆ ముగింపుని మళ్లీ మళ్లీ వాడుకుంది. సరిగ్గా ఏడాదికి, 1998 సర్వైవర్ సిరీస్ ఫైనల్లో రాక్ షార్ప్‌షూటర్ వేయగానే విన్స్ గంట కొట్టించి మ్యాన్‌కైండ్‌ని ఓడించాడు, ఈసారి కథలో భాగంగా. నాకు నచ్చిన వాడకం 2011 జులైలో చికాగోలో జరిగింది. కాంట్రాక్ట్ అయిపోయి బెల్ట్‌తో వెళ్లిపోతానన్న సీఎం పంక్ మీద విన్స్ అదే ఎత్తు వేయబోయాడు. గంట కొట్టించడానికి వచ్చిన మనిషిని, ఆ మోసం వల్ల గెలవబోయే జాన్ సీనానే కొట్టి ఆపి, ఆ ఆలస్యంలో మ్యాచ్ ఓడాడు. 2023 సెప్టెంబర్‌లో గచ్చిబౌలి ఇండోర్ స్టేడియంలో మనవాళ్లు గొంతు చించుకుని అరిచింది ఈ సీనా కోసమే. పంక్ కథ మొత్తం మాంట్రియల్ తెలిసిన ప్రేక్షకుల కోసం రాసింది. మనలో చాలామంది ట్రంప్ కార్డుల మీదే బ్రెట్, షాన్ పేర్లు నేర్చుకున్నాం కాబట్టి ఈ లింకు ఆలస్యంగా అందింది.

2010 జనవరి 4న బ్రెట్ పన్నెండేళ్ల తర్వాత రాకి వచ్చాడు. రింగులో షాన్‌ని పిలిచి, ఇద్దరూ జరిగిందంతా మాట్లాడుకుని, చేయి కలిపి, కౌగిలించుకున్నారు. ఆ రాజీ కెమెరా కోసం కాదని ఇద్దరూ తర్వాత చాలాసార్లు చెప్పారు, నేను నమ్ముతాను. ఆ మార్చిలో రెసిల్‌మేనియాలో విన్స్ మీద మ్యాచ్ కూడా పెట్టారు. పక్షవాతం వచ్చిన మనిషితో చేయించిన ఆ మ్యాచ్ చూడటం కష్టంగా ఉంటుంది, వదిలేసినా నష్టం లేదు.

మీరు చూడాలనుకుంటే ఈ వరసలో చూడండి: ముందు 1996 రెసిల్‌మేనియా మ్యాచ్, తర్వాత మాంట్రియల్, ఆ వెంటనే డాక్యుమెంటరీ, చివర్లో 2010 రా మొదటి పావుగంట. మాంట్రియల్ మ్యాచ్‌ని యూట్యూబ్‌లో చివరి రెండు నిమిషాల ముక్కగా చూడొద్దు, మొదటినుంచి చూడండి. చివరి క్షణం దాకా బ్రెట్ ఎంత మామూలుగా, ఎంత శ్రద్ధగా పనిచేస్తున్నాడో అప్పుడే కనబడుతుంది.